పల్లవి కుదిరింది, చరణం కుదరలేదు: ‘బిలీవ్’ పాట తయారైన తీరు

(తిరుపతిలో పాటల రికార్డింగ్, మిక్సింగ్ నేర్చుకుంటున్న యువతీయువకుల ముందు ఒక సౌండ్ ఇంజనీరు చేసిన ప్రసంగానికి అక్షరరూపం)

అందరికీ నమస్కారం. వెనక నిలబడ్డవాళ్లు ముందుకొచ్చి కూర్చోండి, ఈ పక్క కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి. రెండు స్పీకర్లూ మీకు సమానంగా వినపడాలి. ఈ రోజు నేను మాట్లాడేదానికన్నా మీరు చెవులప్పగించి వినడమే ముఖ్యం.

నేను చెప్పబోయేది ఒకే ఒక్క పాట గురించి. మన పాట కాదు. లండన్‌లో తయారై 1998 అక్టోబరులో విడుదలైన ఇంగ్లీషు డాన్స్ పాట. పాడింది అమెరికా గాయని షెర్. పాట పేరు ‘బిలీవ్’. మీలో చాలామంది అప్పటికి పుట్టి కూడా ఉండరు. అయినా ఆ పాటతో లోకానికి తెలిసిన ఒక శబ్దం మీ చెవిన రోజూ పడుతూనే ఉంది. గంగమ్మ జాతరలో మోగే డీజే పాటల్లో ఉంది, యూట్యూబులో వచ్చే ప్రైవేటు ఫోక్ పాటల్లో ఉంది, భక్తి పాటల రీమిక్సుల్లో కూడా ఉంది. పాడేది మనిషో మిషనో తెలియకుండా గొంతు ఒక స్వరం మీంచి ఇంకో స్వరం మీదికి టక్కున దూకుతుంది చూడండి, అదే.

స్టూడియోకి వచ్చే కుర్రాళ్లు ఫోన్ నా ముందు పెట్టి, ‘అన్నా, మన వాయిస్ కూడా ఇట్లా రావాలన్నా’ అంటారు. ట్యూన్ సగమే ఉంటుంది. రెండో చరణం రాసుకుని ఉండరు. ఎఫెక్ట్ మాత్రం ముందే డిసైడ్ అయిపోయి ఉంటుంది. అందుకే ఈ పాటను ఎంచుకున్నాను. ఆ ఎఫెక్ట్‌కు పేరు తెచ్చిన పాట వెనక ఎంతమంది పట్టు వదలకుండా కూర్చున్నారో, ఎఫెక్ట్ అనేది ఆ పనిలో ఎప్పుడు, ఏ మూలన వచ్చి చేరిందో మీకు తెలియాలి.

ముందు గాయని సంగతి కొంచెం. షెర్ 1946లో పుట్టింది. 1965లో సానీ బోనోతో కలిసి పాడిన ‘ఐ గాట్ యూ బేబ్’ అమెరికాలో నంబర్ వన్. 1970లలో తనొక్కతే పాడినవి మరో మూడు నంబర్ వన్ అయ్యాయి, ఆఖరుది 1974లో. తర్వాత సినిమాల్లోకి వెళ్లి, 1988లో ఉత్తమ నటిగా ఆస్కార్ తీసుకుంది. 1990ల మధ్యలో ఆమె చేసిన ఆల్బమ్ అమెరికాలో పెద్దగా ఆడలేదు. 1998 జనవరిలో సానీ బోనో మంచు మీద స్కీయింగ్ చేస్తూ చెట్టుకు గుద్దుకుని చనిపోయాడు. భార్యాభర్తలుగా ఉన్న వాళ్లిద్దరూ విడిపోయి అప్పటికి ఇరవై ఏళ్లు దాటింది. అయినా అంత్యక్రియల్లో ఆమె ఏడుస్తూనే అతని గురించి మాట్లాడింది. ఆ ఏడాది చేసిన ఆల్బమ్‌ను అతనికే అంకితం ఇచ్చింది. యాభై దాటిన మనిషి, మనసు అంత బరువుగా ఉన్న సంవత్సరంలో డాన్స్ పాట పాడటానికి మైకు ముందు నిలబడింది. పాట వినేటప్పుడు ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, ఆ గొంతులో ఆ బరువు నాకు వినపడుతుంది.

డాన్స్ ఆల్బమ్ చేద్దామన్నది ఆమె కాదు, వార్నర్ కంపెనీ బ్రిటన్ శాఖ అధిపతి రాబ్ డికిన్స్. ఆమెకు మొదట ఇష్టం లేదు. డాన్స్ సంగీతంలో పాట అనదగ్గది ఉండదని ఆమె అభ్యంతరం. చూడండి, డాన్స్ పాటతో చరిత్రకెక్కిన మనిషి మొదట అడిగింది ఇదే: బీట్ సరే, పాట ఏదీ?

ఇప్పుడు ఆ పాట ఎక్కడ పుట్టిందో చూద్దాం. బ్రయాన్ హిగ్గిన్స్ అని ఒక కుర్రాడు. కాగితం అమ్మే కంపెనీలో సేల్స్ ఉద్యోగం చేస్తూ, మిగిలిన టైంలో పాటలు కట్టుకునేవాడు. ఆ రోజుల్లోనే అతనికి ఈ పల్లవి తట్టింది. ప్రేమ పోయాక కూడా బతుకు ఉంటుందని నువ్వు నమ్ముతావా అని అడిగే పల్లవి అది. పల్లవి బ్రహ్మాండం, చరణం మాత్రం కుదరలేదు. ఏళ్ల తరబడి అది అట్లాగే పడి ఉంది. చివరికి మరికొన్ని పాటలతో పాటు ఒక డెమో టేపులో డికిన్స్ చేతికి వచ్చింది. డికిన్స్ ఆ పల్లవి దగ్గర ఆగాడు. ఇది షెర్ పాడాల్సిన పాట అనుకున్నాడు.

నిర్మాత మార్క్ టేలర్ తర్వాత ఒక ఇంటర్వ్యూలో చెప్పిన మాటల సారాంశం ఏమిటంటే, పల్లవి అందరికీ నచ్చింది, మిగతా పాట ఎవరికీ నచ్చలేదు. అప్పుడు డికిన్స్ ‘ఇది బాలేదు, పక్కన పెట్టండి’ అనలేదు. టేలర్ వాళ్ల స్టూడియోకి పంపించి, దీన్ని సరిచేయగలరేమో చూడండి అన్నాడు. అక్కడ పాల్ బ్యారీ, స్టీవ్ టార్చ్ అనే ఇద్దరు రచయితలు మళ్లీ మొదటికి వెళ్లి చరణాలు కట్టారు. ఆఖరికి పాట మీద రచయితలుగా ఆరుగురి పేర్లు పడ్డాయి: హిగ్గిన్స్, స్టువర్ట్ మెక్‌లెనన్, పాల్ బ్యారీ, స్టీవెన్ టార్చ్, మాథ్యూ గ్రే, టిమ్ పవెల్. నాలుగు నిమిషాల పాటకు ఆరుగురు.

ఇన్ని చేతులు పడితే పాట కలగూరగంప కావాలి కదా, ఎందుకు కాలేదు? నాకు తోచింది చెప్తాను. పల్లవిని ఎవరూ కెలకలేదు. బాగున్నదాన్ని బాగున్నట్టు ఉంచి, బాగోలేని చోటే మళ్లీ మళ్లీ పని చేశారు. మనవాళ్లు చాలామంది దీనికి తిరగేసి చేస్తారు. పల్లవి కుదరగానే సంబరపడిపోయి దాన్నే నాలుగుసార్లు తిప్పి, మధ్యలో ఫ్లూట్ బిట్ ఒకటి పెట్టి పాట అయిపోయిందంటారు. అది పాట కాదు నాయనా, రింగ్‌టోన్.

రెండో చరణం కథ ఇంకా బాగుంటుంది. మొదటి చరణంలో ఆమె బాధలో ఉంది, వదిలేసి వెళ్లినవాణ్ని తలుచుకుంటోంది. రాసిచ్చిన రెండో చరణంలో కూడా అదే బాధ. షెర్‌కి అది నచ్చలేదు. ఒక చరణం ఏడిస్తే సరే, రెండు చరణాలూ ఏడిస్తే ఎట్లా? స్నానాల తొట్టిలో పడుకుని ఉండగా తనకు రెండు లైన్లు తట్టాయని ఆమే చెప్పింది. వాటి సారాంశం: తీరిగ్గా ఆలోచించుకున్నాను, నీకు నేనే ఎక్కువేమో అనిపిస్తోంది.

ఇక్కడ కొంచెం సేపు ఆగుదాం. ఆ రెండు లైన్ల ముందు వరకు పల్లవిలోని ప్రశ్న దిక్కుతోచని మనిషి అడిగే ప్రశ్న. ఆ తర్వాత అదే ప్రశ్న, అదే ట్యూన్, అవే మాటలు. కానీ ఇప్పుడు అడుగుతున్న మనిషి లేచి నిలబడింది. ఒక్క అక్షరం మారకుండా పల్లవి అర్థం మారిపోయింది. రెండో చరణం చేయాల్సిన పని ఇదే. ఆ మార్పు లేకపోతే డాన్స్ ఫ్లోర్ మీద జనం చేతులు పైకెత్తరు. బీట్ కాళ్లను కదిలిస్తుంది, చేతులు పైకి లేవాలంటే మాటల్లో ఏదో ఒకటి లేవాలి. స్టూడియోలో కూర్చుని ఎన్ని పాటలు విన్నా ఈ మాట మీద నాకు నమ్మకం పెరుగుతూనే ఉంది.

సరే, రాత అయింది. ఇక తయారీ. లండన్ పశ్చిమాన డ్రీమ్‌హౌస్ అనే స్టూడియో. నిర్మాతలు మార్క్ టేలర్, బ్రయాన్ రాలింగ్. పెద్ద పెద్ద హాళ్లు, వాద్యబృందాలు ఉన్న స్టూడియో అనుకునేరు. మ్యాక్ కంప్యూటర్, అందులో క్యూబేస్ సాఫ్ట్‌వేర్, నార్డ్ ర్యాక్ లాంటి కొన్ని సింథసైజర్లు, గొంతు రికార్డు చేయడానికి నాయ్‌మన్ యూ67 మైకు, టాస్కామ్ డిజిటల్ టేపు మెషీన్. ఈ రోజు మీ ల్యాప్‌టాప్‌కి ఉన్న తాకత్తు ఆ కంప్యూటర్‌కి లేదు. ఆ మైకు మాత్రం గొప్పది, ఇప్పటికీ దాని ధర మనం అడగలేం.

మొదటి ట్రాక్ తయారు చేసి, విని, తీసి అవతల పారేశారు. అది మరీ గట్టి క్లబ్ సంగీతంలా వచ్చింది. క్లబ్బులో తిరిగేవాళ్లకు నచ్చుతుంది, షెర్ పాటలు ఇరవై ముప్ఫై ఏళ్లుగా వింటున్న మనిషి దగ్గరికి రానివ్వడు. మరీ మెత్తగా చేస్తే క్లబ్బువాళ్లు పక్కన పెడతారు. ఈ రెండింటి మధ్య దారి వెతకడమే టేలర్‌కి అసలు పరీక్ష. అందులోనూ కిక్ డ్రమ్ దగ్గర తల ప్రాణం తోకకొచ్చింది. డాన్స్ పాటలో కిక్ ఒక్కటి సరిగ్గా కూర్చోకపోతే పైన ఎన్ని వాయిద్యాలు పేర్చినా దండగే. జాతరలో డీజే బాక్సుల ముందు నిలబడితే ఛాతీ మీద తగులుతుందే, అదే కిక్. నిమిషానికి సుమారు 133 దెబ్బలు, పాట మొదలు నుంచి చివరిదాకా. దాని కింద బేస్ దానికి అడ్డం రాకూడదు, పైన గొంతు దానిలో మునిగిపోకూడదు. షెర్ గొంతు ఆడవాళ్ల గొంతుల్లో కింది స్థాయిది, నిండుగా ఉంటుంది. అలాంటి గొంతుకు చోటు మిగలాలంటే మిగతా వాయిద్యాలన్నీ ఒళ్లు దగ్గర పెట్టుకోవాలి.

వినండి ఒకసారి. గొంతు వినకండి, కింద మాత్రమే వినండి.

[పాట మొదటి భాగం వినిపించారు.]

విన్నారా? చరణం నడుస్తున్నప్పుడు పైన తీగల్లా సాగే సింథ్ శబ్దాలు ఎంత వెనక్కి తగ్గాయో, పల్లవి రాగానే ఎట్లా తెరుచుకున్నాయో చూశారు కదా. వాల్యూమ్ పెంచి చేసిన పని కాదది, ముందు తగ్గించి ఉంచి చేసిన పని. మీ మిక్సుల్లో మొదటి సెకను నుంచే అన్నీ ఫుల్లుగా ఉంటాయి. ఇక పల్లవి వచ్చినప్పుడు పెంచడానికి ఏం మిగులుతుంది?

ఇప్పుడు మీరంతా ఎదురుచూస్తున్న చోటికి వద్దాం.

ఆటోట్యూన్, అంటే గొంతులో శృతిని సరిచేసే సాఫ్ట్‌వేర్. దీన్ని కనిపెట్టినాయన ఆండీ హిల్డెబ్రాండ్. పిల్లనగ్రోవిలాంటి పాశ్చాత్య ఫ్లూట్ వాయించేవాడు, కానీ చదువు ఇంజనీరింగ్. చమురు కంపెనీ ఎక్సాన్‌లో పని చేశాడు. భూమిలోకి శబ్ద తరంగాలు పంపి, లోపల పొరల మీద తగిలి తిరిగి వచ్చే ప్రతిధ్వనిని లెక్కగట్టి చమురు ఎక్కడుందో పట్టుకునే పని. తర్వాత సొంత కంపెనీ పెట్టాడు, దాన్ని వదిలి సంగీతం చదువుకోడానికి వెళ్లాడు. ఒకసారి భోజనాల దగ్గర కూర్చున్నప్పుడు ఒకావిడ, నేను శృతిలో పాడేలా చేసే పెట్టె ఏదైనా కనిపెట్టరాదూ అందట. మొదట ఎవరూ పట్టించుకోలేదు. తర్వాత ఆయనకే తట్టింది, చమురు కోసం వాడిన లెక్కలే గొంతులోని శృతిని పట్టుకోడానికీ పనికొస్తాయని. శబ్దతరంగం ఎంతసేపటికి ఒకసారి తనను తాను తిరిగి పోలుతుందో లెక్కిస్తే శృతి తెలుస్తుంది. ఆయన కంపెనీ ఆంటారెస్ 1997లో దాన్ని అమ్మకానికి పెట్టింది. చిన్నపాటి అపశృతుల్ని ఎవరికీ తెలియకుండా సరిచేయడం దాని పని. తెలియకుండా చేయడమే దాని గొప్ప. రికార్డింగు వాళ్లకు ఒక్కో లైను ఇరవైసార్లు పాడించే బాధ తప్పింది.

అందులో ఒక సెట్టింగు ఉంది, సరిచేసే వేగం. నిదానంగా పెడితే గొంతును మెల్లగా స్వరం మీదికి జరుపుతుంది. సున్నా పెడితే తక్షణం లాగిపడేస్తుంది. సున్నా అక్కడ ఉంది కాబట్టి ఉంది, బుద్ధున్నవాడు ఎవడూ దాన్ని వాడడనే హిల్డెబ్రాండ్ అనుకున్నాడు.

సున్నా పెడితే ఏమవుతుందో చెప్పేకన్నా చూపిస్తాను. కర్ణాటక సంగీతం నేర్చుకున్న అమ్మాయి ఎవరో ఉందన్నారు. రామ్మా. మైకు దగ్గర నిలబడి తోడి రాగంలో గాంధారం పట్టుకో. సాహిత్యం వద్దు, అకారం చాలు. గమకం మామూలుగా ఎట్లా వస్తే అట్లానే.

[విద్యార్థిని పాడింది. ఆమె గొంతు తీరు తెరమీద గీతగా కనిపించింది.]

బాగుందమ్మా. అందరూ తెరమీద గీత చూడండి. ఆ గాంధారం ఒకచోట నిలబడలేదు. కిందనుంచి లేచి, ఊగి, పైస్వరాన్ని తాకీ తాకనట్టు తాకి మళ్లీ కిందికి జారింది. ఆ ఊగడమే తోడి. ఇప్పుడు వేగం సున్నా పెడుతున్నాను. అదే గొంతు.

[మార్చిన గొంతు వినిపించారు.]

గీత చూశారా? ఘాట్ రోడ్డులా వంపులు తిరుగుతూ ఎక్కిన గీత అలిపిరి మెట్లలా అయిపోయింది. ఒక మెట్టు, మళ్లీ ఒక మెట్టు. మెట్టుకీ మెట్టుకీ మధ్య చోటు లేదు. పాశ్చాత్య సంగీతంలోని పన్నెండు స్వరాల్లో దేనికి దగ్గరుంటే దాని మీదికి గొంతును ఈడ్చుకుపోయింది. తోడి పోయింది. మిషన్ తప్పు కాదు, దానికి మన గమకం అపశృతిలా కనిపించింది. కాబట్టి అన్నమయ్య కీర్తనలు రికార్డు చేసేటప్పుడు దీన్ని ఎంత జాగ్రత్తగా వాడాలో, చాలాచోట్ల ఎందుకు వాడనే కూడదో మీకే తెలిసింది. కూర్చోమ్మా, చాలా బాగా పాడావు.

మార్క్ టేలర్ ఈ సున్నాతో ఆడుకున్నాడు. చరణంలో కొన్ని మాటల మీద పెట్టి విన్నాడు. గొంతు వణికి, విరిగి, లోహంలా మోగింది. ఆయనకు నచ్చింది, టెన్షన్ కూడా పట్టుకుంది. అంత పెద్ద గాయని గొంతును ఇట్లా చేశావేమిటని ఒంటికాలి మీద లేస్తుందేమో అనుకున్నాడు. షెర్ చెప్పిన కథ ఇంకో వైపునుంచి ఉంటుంది. చరణం ఇంకా బాగా పాడమని టేలర్ పదే పదే అడిగితే విసిగిపోయి, ఇంకా బాగా కావాలంటే ఇంకెవరినైనా తెచ్చుకో అని వెళ్లిపోయిందట. తర్వాత రోచ్‌ఫోర్డ్ అనే గాయకుడి రికార్డులో గొంతును మార్చిన తీరు విని, ఇట్లాంటిదేదైనా చేద్దామంది. ఏ వైపునుంచి చూసినా కుదిరింది ఒక్కచోటే. టేలర్ వినిపించాడు, ఆమె ఎగిరి గంతేసింది.

కంపెనీకి మాత్రం నచ్చలేదు. డికిన్స్ ఆ ఎఫెక్ట్ తీసేయమన్నాడు. షెర్ ససేమిరా అంది. నా శవం మీదనుంచి వెళ్లి తియ్యండి అన్నంత పని చేసింది. పల్లవిని గుర్తుపట్టిన మనిషే ఎఫెక్ట్‌ను వద్దన్నాడు, డాన్స్ పాటే వద్దన్న మనిషి దాన్ని కాపాడింది. ఎవరి చెవి ఎక్కడ సరిగ్గా పని చేస్తుందో ముందే చెప్పలేం. అందుకే గదిలో నలుగురుండాలి.

ఇంకోసారి పాట పెడతాను. ఈసారి ఎఫెక్ట్ ఎక్కడెక్కడ వినపడుతుందో వేలెత్తండి.

[పాట మళ్లీ వినిపించారు.]

చూశారా, వేళ్లు ఎప్పుడు లేచాయో. ప్రధానంగా చరణాల్లో, కొన్ని మాటల చివర. పల్లవిలో ఆమె గొంతు విప్పి, నిండుగా, మనిషిలా పాడుతుంది. బాధలో ఉన్నప్పుడు గొంతు విరిగి మిషన్‌లా అయింది, ప్రశ్న అడిగేటప్పుడు మనిషిగా తిరిగి వచ్చింది. దీన్ని వాళ్లు ఇంత ఆలోచించి పెట్టారో, చెవికి బాగుందని పెట్టారో నాకు అనవసరం. పాటలో అది ఉంది. మీరు పాట మొదటినుంచి చివరిదాకా ప్రతి అక్షరానికీ సున్నా పెట్టేస్తే ఈ తేడా ఎక్కడినుంచి వస్తుంది? ఇంకో విషయం, ఆమె శృతిలో పాడలేక దీన్ని వాడలేదు. 1965 నుంచి పాడుతున్న మనిషి. చేతకానితనాన్ని కప్పడానికి వాడిన ఎఫెక్ట్‌కీ, చేతనైనవాళ్లు కోరి వాడిన ఎఫెక్ట్‌కీ తేడా విన్న మొదటి లైనులోనే తెలిసిపోతుంది.

పాట హిట్టయ్యాక ఆ శబ్దం ఎట్లా చేశారని ప్రపంచంలోని స్టూడియోలన్నీ తలలు బద్దలు కొట్టుకున్నాయి. 1999 ఫిబ్రవరిలో ఒక బ్రిటిష్ రికార్డింగ్ పత్రిక అడిగితే, నిర్మాతలు గొంతును సింథ్ శబ్దంలా మార్చే వోకోడర్ పెడల్ వాడామని చెప్పారు. డిజిటెక్ టాకర్ అని పేరు కూడా చెప్పారు. తమ రహస్యం దాచుకోడానికి చెప్పిన మాట అది. అసలు సంగతి తర్వాత బయటికొచ్చింది, అప్పటికే అందరూ దాన్ని షెర్ ఎఫెక్ట్ అని పిలవడం మొదలుపెట్టారు.

ఇక చార్టులు. ఇప్పటి పిల్లలకు వ్యూస్ తెలుసు, చార్టు ఎట్లా లెక్కగట్టేవాళ్లో తెలియదు. బ్రిటన్‌లో అప్పట్లో సింగిల్ అంటే షాపుకెళ్లి, డబ్బు పెట్టి కొనుక్కునే సీడీ లేదా క్యాసెట్టు. వారంలో ఎన్ని అమ్ముడుపోయాయో అదే చార్టు. ఉచితంగా నొక్కి చూసిన లెక్క కాదు, జేబులోంచి తీసి కొన్న లెక్క. ఆ రోజుల్లో చాలా పాటలు మొదటి వారమే నంబర్ వన్‌లో దిగి, మరుసటి వారానికి జారిపోయేవి. అభిమానులు ఎగబడి కొంటారు, తర్వాత ఎవరూ కొనరు. ‘బిలీవ్’ ఏడు వారాలు కదల్లేదు. 1998లో బ్రిటన్‌లో అన్ని వారాలు పైన నిలిచిన పాట ఇంకోటి లేదు, ఆ ఏడాది అన్నిటికన్నా ఎక్కువ అమ్ముడైందీ అదే. ఇప్పటిదాకా అక్కడ అమ్ముడైనవి 18 లక్షలకు పైమాటే. గాయనులు పాడిన సింగిల్స్‌లో బ్రిటన్‌లో అన్నిటికన్నా ఎక్కువ అమ్ముడైంది అదే. ప్రపంచం మొత్తం మీద కోటి దాటిందని లెక్క.

అమెరికా కథ వేరు. అక్కడి బిల్‌బోర్డ్ హాట్ 100లో అమ్మకాలతో పాటు రేడియోలో ఎన్నిసార్లు వేశారన్నది కూడా లెక్కలోకి వస్తుంది. డిసెంబరులో చార్టు అట్టడుగున దిగింది. క్లబ్బుల్లో రీమిక్సులు ముందు పాకాయి. డీజేలు తిప్పారు, జనం అడిగారు, రేడియోలు వేశాయి. వారం వారం మెట్టు మెట్టుగా ఎక్కి 1999 మార్చి 13 నాటి చార్టులో నంబర్ వన్‌కి చేరింది. నాలుగు వారాలు అక్కడే ఉంది. ఆ ఏడాది మొత్తానికి బిల్‌బోర్డ్ లెక్కలో మొదటి పాట కూడా ఇదే. అప్పుడు షెర్ వయసు 52. ఆ చార్టులో అంత వయసులో మొదటి స్థానానికి ఎక్కిన గాయని అప్పటిదాకా ఎవరూ లేరు. ఆ రికార్డు 2023 డిసెంబరులో బ్రెండా లీ బద్దలు కొట్టేదాకా నిలిచింది. షెర్ అంతకుముందు నంబర్ వన్‌కీ దీనికీ మధ్య దాదాపు 25 ఏళ్ల ఎడం. ఈ ఒక్క అంకె మాత్రం నేను ప్రతి క్లాసులోనూ చెప్తాను. మన దగ్గర నలభై దాటిన గాయనికి ట్రాక్ పాడే అవకాశం ఇవ్వమంటేనే మొహం చిట్లిస్తారు. గొంతుకు వయసు వస్తే అది ఇంకో రుచి, తీసిపారేసే సరుకు కాదు. మీరు రేపు పాటలు చేసేటప్పుడు మీ ఊళ్లోనే భజన గుడిలో పాడే పెద్దావిడ గొంతు ఒకసారి మైకు ముందు పెట్టి వినండి.

అవార్డులు కూడా వచ్చాయి. 2000 సంవత్సరంలో ఉత్తమ డాన్స్ రికార్డింగుకు గ్రామీ, అంతకుముందు బ్రిటన్‌లో పాటల రచయితలకిచ్చే ఐవర్ నొవెల్లో పురస్కారాలు. డాన్స్ పాటకు రచన మీద అవార్డు రావడం మాత్రం నాకు చాలా సంతోషం కలిగించే విషయం.

తర్వాత అమెరికా గాయకుడు టీ-పెయిన్ 2005 నుంచి ఆ గొంతునే తన గుర్తుగా మార్చుకున్నాడు. 2008లో ర్యాపర్ కాన్యే వెస్ట్ ఒక ఆల్బమ్ అంతా దాంతోనే పాడాడు. మరుసటి ఏడాదే ఇంకో ర్యాపర్ జే-జీ దీనికి చావు రాసిపెడుతూ పాట కట్టాడు. అయినా అది చావలేదు, సముద్రాలు దాటి మన జాతర దాకా వచ్చింది. దాన్ని నేనూ వాడతాను. అడిగినవాళ్లకు పెట్టిస్తాను. రెండో చరణం రాసుకొచ్చాక పెడతాను, అంతే.

ఇంకో ముఖ్యమైన సంగతి ఉంది, పేర్లు. పాట మీద ఆరుగురు రచయితల పేర్లున్నాయని చెప్పాను కదా. తొట్టిలో పడుకుని ఆ రెండు లైన్లు అందించిన షెర్ పేరు అందులో లేదు. ఆమెకు లోటు లేదు, గాయనిగా ఆమె వాటా ఆమెకు వచ్చింది. మీ సంగతి అట్లా కాదు. మీరు నలుగురు కూర్చుని పాట కడతారు. ఒకడు ట్యూన్ అంటాడు, ఒకమ్మాయి రెండు లైన్లు రాస్తుంది, ఒకడు బీట్ చేస్తాడు, పాడేది ఇంకొకరు. పాట యూట్యూబులో పది వేలు దాటే దాకా అందరూ అన్నదమ్ములే. లక్షలు దాటిన రోజు మొదలవుతుంది గొడవ. ఇట్లా విడిపోయిన స్నేహాల్ని దగ్గరనుంచి చూశాను, చాలా బాధేస్తుంది. మన దేశంలో కాపీరైట్ చట్టాన్ని 2012లో సవరించి, పాట రాసినవాళ్లకు, బాణీ కట్టినవాళ్లకు రాయల్టీలో వాటా వదులుకోమని రాయించుకున్నా చెల్లకుండా చేశారు. పాటల రాయల్టీ వసూలు చేసి పంచే ఐపీఆర్ఎస్ అనే సంస్థ 1969 నుంచి ఉంది, రచయితలు, సంగీత దర్శకులు అందులో సభ్యులుగా చేరవచ్చు. కానీ మీ పేరు పాట మీద ఉంటేనే ఇవన్నీ మీకు అక్కరకొస్తాయి.

కాబట్టి వాయిస్ తీసే ముందే ఒక కాగితం తీసుకోండి. పల్లవి ఎవరిది, చరణం ఎవరిది, బాణీ ఎవరిది, ఎవరికి ఎంత వాటా, తేదీ వేసి అందరూ సంతకాలు పెట్టండి. ఫోటో తీసి గ్రూపులో పెట్టండి. అందరి చేతిలోనూ ఉంటుంది. నమ్మకం లేక కాదు, నమ్మకం నిలవడానికి.

ఇప్పుడు పని మొదలుపెడదాం. మీరు తెచ్చిన పాటల్లో పల్లవి మాత్రమే కుదిరినవి పక్కకు తీయమన్నాను, తీశారా? ఆ నీలం చొక్కా అబ్బాయి, నీదే ముందు. ఎఫెక్టులన్నీ ఆఫ్ చేసి, ట్రాక్ కూడా లేకుండా, ఒట్టి గొంతుతో వినిపించు.